తండా నుంచి పంచాయతీ కుర్చీ దాకా: స్థానిక ఎన్నికల్లోకి రావాలనుకునే గిరిజన మహిళలకు మార్గదర్శి

అనంతపురం, కర్నూలు, కడప ప్రాంతాల సుగాలి తండాల్లో, ఎరుకల, యానాది కాలనీల్లో, నల్లమల అంచున ఉన్న చెంచు గూడేల్లో ఉంటూ, వార్డు సభ్యురాలిగానో సర్పంచ్‌గానో నిలబడాలన్న ఆలోచన ఉన్న మహిళల కోసం, వారి పక్కన కూర్చుని కాగితాలు చదివిపెట్టే పిల్లల కోసం ఈ వ్యాసం రాస్తున్నాను. చట్టం చదువుకున్నవారికి ఇందులో కొత్త సంగతులు తక్కువే ఉండవచ్చు. అయితే చట్టంలో ఉన్నది ఊళ్లో ఏ రూపంలో ఎదురవుతుందో తెలియక చాలామంది మొదటి అడుగులోనే ఆగిపోతున్నారు కాబట్టి రెండింటినీ కలిపి చెప్పడం అవసరమనిపించింది. నా ఉద్దేశం ముందే చెబుతాను: పోటీకి కనీసం రెండేళ్ల ముందు నుంచే ఊరి పని నెత్తిన వేసుకోవాలి. అలా కాక, రిజర్వేషన్ల జాబితా వచ్చిన రోజున ఊరి పెద్ద ఒకరు ఇంటికి వచ్చి "ఈసారి మీ ఇంటి నుంచి ఒక ఆడమనిషిని నిలబెడదాం, ఖర్చంతా మాది" అన్నప్పుడు తల ఊపితే, గెలిచిన తరువాత సంతకం మాత్రమే మీది, పెత్తనం ఆయనది అవుతుంది.

చట్టం ఇచ్చినదీ, ఇవ్వనిదీ

1993 ఏప్రిల్ 24న అమల్లోకి వచ్చిన 73వ రాజ్యాంగ సవరణ, పంచాయతీల్లో ఎస్సీ, ఎస్టీలకు వారి జనాభా నిష్పత్తిలో స్థానాలు కేటాయించాలని, మొత్తం స్థానాల్లో కనీసం మూడో వంతు మహిళలకు ఇవ్వాలని నిర్దేశించింది. మన రాష్ట్రంలో 1994 నాటి పంచాయతీరాజ్ చట్టం దీనిని అమలు చేస్తుంది. 2011లో చేసిన సవరణతో మహిళల వాటా సగానికి పెరిగింది. పోటీకి 21 ఏళ్లు నిండి ఉండాలి. ఇద్దరికి మించి పిల్లలున్నవారు పోటీకి అనర్హులన్న పాత నిబంధనను 2024లో తొలగించారు. అయినా "నీకు ముగ్గురు పిల్లలు కదా, నామినేషన్ చెల్లదు" అని బెదిరించి వెనక్కి పంపేవారు ఊళ్లల్లో ఉంటారు కాబట్టి ఈ మార్పు సంగతి గుర్తుంచుకోవడం మంచిది.

చట్టం ఇవ్వనిదాని గురించి కూడా తెలుసుకోవాలి. మన రాయలసీమలో రాజ్యాంగంలోని ఐదో షెడ్యూలు కింద గిరిజన ప్రాంతంగా ప్రకటించిన భూభాగం లేదు. అందువల్ల గిరిజన గ్రామసభలకు విశేషాధికారాలిచ్చే 1996 నాటి పెసా చట్టం గానీ, ఏజెన్సీలో గిరిజనేతరులకు భూమి బదిలీని నిషేధించే 1/70 చట్టం గానీ ఇక్కడ వర్తించవు. మన్యం జిల్లాల కరపత్రాలు చదివి, వాటిలోని మాటలనే అర్జీలో రాసుకుని వెళితే తహశీల్దారు ఒక్క వాక్యంతో తోసిపుచ్చుతారు. తండాలో చాలా కుటుంబాలకు ఉన్నది డీకేటీ పట్టా భూమి, అంటే ప్రభుత్వం పేదలకు ఇచ్చిన అసైన్డ్ భూమి. అది చేతులు మారకుండా అడ్డు నిలిచేది అసైన్డ్ భూముల బదలాయింపును నిషేధించే 1977 నాటి చట్టం. ఈ చట్టానికి 2023లో జరిగిన సవరణతో, పట్టా ఇచ్చి 20 ఏళ్లు దాటిన భూముల విషయంలో నియమాలు మారాయి కాబట్టి, ఎవరి భూమి గురించి మాట్లాడుతున్నా ముందు పట్టా మీది తేదీ చూడాలి.

మరొక సంగతి: రిజర్వేషన్ స్థానాలు మారుతూ ఉంటాయి. ఈసారి ఎస్టీ మహిళకు వచ్చిన సర్పంచ్ పదవి వచ్చేసారి అదే ఊళ్లో ఉంటుందన్న నమ్మకం లేదు.

నామినేషన్ కంటే ముందు అర్జీ

ఊరి పని అంటే పెద్ద మాట ఏమీ కాదు. చెడిపోయిన బోరు మోటారు, ఆగిపోయిన వితంతు పింఛను, రాని ఉపాధి కూలి, వానొస్తే బస్సు రాని తండా దారి: వీటిలో ఒకదాన్ని పట్టుకుని అది పూర్తయ్యేదాకా వదలకపోవడమే ఊరి పని. అన్నిటినీ ఒకేసారి మొదలుపెట్టినవారు ఏదీ తేల్చలేరని, ఒక్క పింఛను ఇప్పించిన మనిషి మాటకు తండాలో విలువ వస్తుందని నేను గమనించాను.

ప్రతి సోమవారం కలెక్టరేట్‌లో ప్రజా సమస్యల పరిష్కార వేదిక జరుగుతుంది. అక్కడికి తీసుకెళ్లే అర్జీలో ఒక్క సమస్యే ఉండాలి. "మా తండా ఎంతో వెనుకబడి ఉన్నది, దయతో ఆదుకోగలరు" అని రాస్తే అది ఏ శాఖకు పంపాలో గుమస్తాకు తెలియదు. అర్జీ ఇలా ఉంటే పని జరిగే అవకాశం ఎక్కువ:

"మా తండాలో 60 ఇళ్లు ఉన్నాయి. రెండు బోర్లలో ఒకటి పోయిన వేసవిలో ఎండిపోయింది. రెండోదాని మోటారు కాలిపోయి మూడు వారాలైంది. కిలోమీటరు దూరంలోని తోట బోరు నుంచి బిందెలతో నీళ్లు మోసుకుంటున్నాము. పంచాయతీ నిధుల నుంచి మోటారు మరమ్మతు చేయించాలని, మరమ్మతు పూర్తయ్యేదాకా ట్యాంకరు పంపాలని కోరుతున్నాము."

ఇందులో ఇళ్ల లెక్క ఉంది, ఎన్నాళ్లుగా ఇబ్బంది ఉన్నదో ఉంది, ఏ నిధి నుంచి చేయాలో ఉంది, వెంటనే చేయదగినది ఒకటి, ఆ తరువాత చేయవలసినది ఒకటి విడివిడిగా ఉన్నాయి. కింద సంతకాలు, వేలిముద్రలు పెట్టినవారి పేర్లు స్పష్టంగా రాయాలి. వాటిలో సగానికి పైగా ఆడవారివి ఉండేలా చూసుకోవాలి, ఎందుకంటే ఆ పేర్లే రేపు మీకు ఓటు అడగడానికి తోడు వచ్చేవారి జాబితా అవుతుంది. అర్జీ ఇచ్చినప్పుడు నంబరున్న రసీదు తీసుకోండి. 1100కు ఫోన్ చేసి ఆ నంబరు చెబితే అర్జీ ఏ అధికారి దగ్గర ఉన్నదో తెలుస్తుంది. పని జరగకుండానే "పరిష్కరించబడినది" అని సందేశం వచ్చే సందర్భాలు తక్కువేమీ కావు. అలాంటప్పుడు ఎండిన బోరు ఫొటో జతచేసి, పాత నంబరును ప్రస్తావిస్తూ, మళ్లీ అర్జీ ఇవ్వాలి.

అర్జీకి జవాబు రాకపోతే సమాచార హక్కు చట్టం ఉంది. మన రాష్ట్ర నియమాల ప్రకారం గ్రామస్థాయి కార్యాలయంలో దరఖాస్తుకు రుసుము లేదు, మండల స్థాయిలో 5 రూపాయలు, ఆపైన 10 రూపాయలు. దారిద్ర్యరేఖకు దిగువనున్నవారు ఆ పత్రం నకలు పెడితే ఎక్కడా కట్టనక్కరలేదు. 30 రోజుల్లో సమాచారం ఇవ్వాలి, ఇవ్వకపోతే అదే శాఖలోని పై అధికారికి మొదటి అప్పీలు వేయాలి. దరఖాస్తులో "ఎందుకు చేయలేదు" అని అడగకండి. కారణాలు అడిగే ప్రశ్నకు తప్పించుకునే జవాబు వస్తుంది. "ఫలానా సంవత్సరంలో మా పంచాయతీలో మంచినీటి పనులకు చెల్లించిన బిల్లుల నకళ్లు, ఆ పనుల ఎం-బుక్ నకళ్లు ఇవ్వండి" అని అడగాలి. ఎం-బుక్ అంటే జరిగిన పని కొలతలు రాసే పుస్తకం. అందులో పైపు ఎన్ని మీటర్లు వేసినట్టు రాశారో చూసి, తండాకు వచ్చి టేపుతో కొలిస్తే, ఆ తరువాత మీరు ఎవరినీ నిందించనక్కరలేదు, కొలతే మాట్లాడుతుంది. పంచాయతీ ఖర్చుల వివరాలు ఈ-గ్రామస్వరాజ్ వెబ్‌సైటులో కూడా కనిపిస్తాయి. సెల్‌ఫోన్ చూడటం వచ్చిన పిల్లలకు ఈ పని అప్పగించవచ్చు.

ఉపాధి హామీ పథకం 2006 ఫిబ్రవరి 2న దేశంలో మొదట మొదలైంది మన అనంతపురం జిల్లా నార్పల మండలం బండ్లపల్లిలోనే. ఆ పథకం పేరు, నియమాలు కాలంతోపాటు మారినా, పని అడిగిన కాగితానికి తేదీ వేసిన రసీదు తీసుకోవడం, సామాజిక తనిఖీ జరిగే రోజున మస్టర్లు (కూలీల హాజరు పట్టీలు) గట్టిగా చదివించుకుని వినడం తండా మహిళలు విడవకూడని అలవాట్లు. పొదుపు సంఘాల్లో ఉన్నవారికి ఇంకొక సౌకర్యం ఉంది: తీర్మానం రాయడం, లెక్క చూడటం, పదిమందిలో నిలబడి మాట్లాడటం అక్కడే నేర్చుకోవచ్చు. ఓర్వకల్లు మండలంలో పొదుపు మహిళలు కట్టుకున్న ఐక్య సంఘం పేరు రాష్ట్రమంతటా వినబడటానికి ఆ అభ్యాసమే మూలం. ఊళ్లోని పొదుపు సంఘాలన్నీ కలిసిన గ్రామ సమాఖ్యలో ఏదైనా బాధ్యత ఖాళీ అయితే వెనకాడకుండా తీసుకోండి.

రిజర్వుడు స్థానం దగ్గరే ఆగిపోవద్దు

ఎస్టీ మహిళ ఎస్టీ మహిళా స్థానానికే పోటీ చేయాలని మన ఊళ్లల్లో ఒక అపోహ పాతుకుపోయింది. ఎస్టీ, మహిళా జనరల్, పూర్తి జనరల్ స్థానాల్లో కూడా ఆమె నిలబడవచ్చు.

ద్రౌపది ముర్ము సంతాలీ కుటుంబంలో పుట్టి, కొంతకాలం బడిలో పాఠాలు చెప్పి, 1997లో ఒడిశాలోని రాయ్‌రంగ్‌పూర్ నగర పంచాయతీ కౌన్సిలర్‌గా గెలిచారు. 2000లో శాసనసభకు, 2022 జులైలో రాష్ట్రపతి పదవికి చేరారు. ఆస్ట్రేలియాలో విరాజురి అనే ఆదివాసీ జాతికి చెందిన లిండా బర్నీ కూడా మొదట టీచరే. ఆదివాసీ పిల్లల చదువు గురించి ప్రభుత్వంతో మాట్లాడే సంస్థలో ఏళ్ల తరబడి పనిచేసిన తరువాతే ఆమె ఎన్నికల్లోకి వచ్చారు. 2003లో న్యూ సౌత్ వేల్స్ రాష్ట్ర శాసనసభకు ఎన్నికైన మొదటి ఆదివాసీ వ్యక్తి ఆమె; 2016లో సిడ్నీలోని బార్టన్ నియోజకవర్గం నుంచి గెలిచి, ఆ దేశపు ప్రతినిధుల సభలో కూర్చున్న మొదటి ఆదివాసీ మహిళ అయ్యారు. అక్కడి పార్లమెంటులో ఆదివాసులకు రిజర్వుడు స్థానాలు లేవు కాబట్టి ఆమెకు పడిన ఓట్లలో అత్యధికం ఇతరులవే. మన తండా ఓట్లు నూటయాభై ఉండి, ఊరి ఓట్లు వెయ్యి ఉన్నచోట లెక్క ఇలాగే ఉంటుంది: ఊళ్లోని దళితవాడ, బీసీ వీధి ఆడవాళ్ల పింఛన్ల కోసం కూడా మీరు తిరిగి ఉంటేనే జనరల్ స్థానంలో పోటీ గురించి ఆలోచించగలరు.

నామినేషన్ కాగితాలు

పంచాయతీ ఓటర్ల జాబితాలో మీ పేరు ఉండాలి. పుట్టింటి ఊళ్లో, అత్తింటి ఊళ్లో రెండుచోట్లా ఉంటే ముందే ఒకటి తీసివేయించుకోవాలి. కుల ధ్రువీకరణ పత్రం నోటిఫికేషన్ వచ్చేదాకా ఆగకుండా సిద్ధంగా ఉంచుకోవాలి. కులం పుట్టుకతో వస్తుంది, పెళ్లితో రాదు. వేరే కులం నుంచి సుగాలి ఇంటికి కోడలిగా వచ్చినామె ఎస్టీ స్థానానికి అర్హురాలు కాదు. ఇంటిపన్ను, కొళాయిపన్ను బకాయిలు కట్టి రసీదు దగ్గర పెట్టుకోండి, ఎందుకంటే పంచాయతీకి బకాయి పడ్డారన్న అభ్యంతరం నామినేషన్ల పరిశీలన రోజున లేవనెత్తడం చాలా సులువు. ఎస్టీ అభ్యర్థికి డిపాజిట్ జనరల్ అభ్యర్థి కట్టేదానిలో సగం.

ప్రతిపాదించే వ్యక్తిని ఎంచుకోవడంలో చాలా జాగ్రత్త అవసరం. వార్డు సభ్యత్వానికైతే ఆ వ్యక్తి అదే వార్డు ఓటరు అయి ఉండాలి. రాత్రికి రాత్రి ఒత్తిడి వస్తే మాట మార్చని మనిషి, వీలైతే ఎవరి పొలం మీదా బతుకు ఆధారపడని మనిషి కావాలి. ఖాళీ కాగితం మీద సంతకం గానీ వేలిముద్ర గానీ ఎవరికీ ఇవ్వకండి. ఉపసంహరణ గడువు ముగిసేదాకా అటువంటి కాగితం ఏ రూపంలో తిరిగివస్తుందో చెప్పలేము.

పంచాయతీ ఎన్నికలు పార్టీ గుర్తుల మీద జరగవు. అయినా రాయలసీమలో ప్రతి ఊళ్లోనూ వర్గాలు ఉంటాయన్నది దాచవలసిన విషయం కాదు. ఒక వర్గం మద్దతు లేకుండా గెలవడం కష్టమే. కానీ మద్దతు తీసుకోవడానికీ, ఆ వర్గం ఖర్చుతో నిలబడటానికీ తేడా ఉంది. ఖర్చు వారిదైతే గెలిచిన మర్నాటి నుంచి వసూలు కూడా వారిదే. వార్డు సభ్యురాలిగా పోటీ చేయడానికి సొంత డబ్బు, సంఘం వారి చందా సరిపోతుంది కాబట్టి మొదటిసారి అక్కడ మొదలుపెట్టడమే మేలని నా సలహా.

ఏకగ్రీవం పేరుతో సర్పంచ్ పదవిని గుడి దగ్గర వేలం పాడటం కొన్ని ఊళ్లల్లో ఆచారంగా మారింది. 2021 ఎన్నికల్లో ఏకగ్రీవమైన పంచాయతీలకు జనాభాను బట్టి 5 లక్షల నుంచి 20 లక్షల రూపాయల దాకా ప్రోత్సాహకం ప్రకటించారు. ఆ ప్రోత్సాహకం ఎవరూ పోటీ పడని ఊరికి సంబంధించినది. వేలంపాటకు చట్టంలో చోటు లేదు. మిమ్మల్ని వేలానికి పిలిస్తే వెళ్లకుండా నేరుగా రిటర్నింగ్ అధికారి దగ్గర నామినేషన్ వేయండి.

ప్రచారం గురించి చెప్పవలసినది కొద్దిగానే ఉంది. కోసిగి, ఆదోని వైపు నుంచి కుటుంబాలు సుగ్గికి, అంటే కూలి పనులకు వలస పోతాయి, అనంతపురం తండాల నుంచి బెంగళూరు పనులకు పోతాయి. ఓటరు జాబితా పట్టుకుని ఎవరు ఏ ఊళ్లో ఉన్నారో, వారి ఫోన్ నంబరు ఏమిటో రాసుకోవడమే సగం ప్రచారం. ఫలితం వచ్చాక గెలిచినా ఓడినా 45 రోజుల్లో ఖర్చు లెక్కలు అప్పగించాలి. లెక్క చూపనివారు తరువాతి ఎన్నికలకు అనర్హులయ్యే ప్రమాదం ఉంది కాబట్టి టీ ఖర్చు దగ్గర నుంచి బిల్లులు దాచుకోండి.

గెలిచిన తరువాత: తాళం ఎవరి దగ్గర

పంచాయతీ డబ్బు ఇప్పుడు చెక్కుల మీద కంటే ఆన్‌లైన్‌లోనే కదులుతుంది. కార్యదర్శి బిల్లు తయారు చేసి పంపితే సర్పంచ్ డిజిటల్ సంతకంతో ఆమోదిస్తారు. ఆ సంతకం పెన్‌డ్రైవ్ లాంటి చిన్న పరికరంలో ఉంటుంది. ఎన్నికైన మహిళ పరిస్థితి ఏమిటో తెలుసుకోవాలంటే ఆ పరికరం, దాని పిన్ ఎవరి దగ్గర ఉన్నాయో అడిగితే చాలు. అది కార్యదర్శి బీరువాలోనో, భర్త జేబులోనో, మద్దతిచ్చిన పెద్ద ఇంట్లోనో ఉన్నంతకాలం ఆమె పేరున ఏ బిల్లు చెల్లిపోతున్నదో ఆమెకు తెలియదు. ఆడిట్‌లో అభ్యంతరం వచ్చి, డబ్బు తిరిగి కట్టమని రికవరీ నోటీసు వచ్చినప్పుడు మాత్రం అది ఆమె పేరు మీదే వస్తుంది. పరికరం మీ దగ్గరే ఉంచుకోండి, పిన్ మీరే మార్చుకోండి, ప్రతి బిల్లుకూ ముందు పని జరిగిన చోటికి వెళ్లి చూడండి. చదవడం రాకపోతే ఇంట్లో చదువుకున్న అమ్మాయిని తోడు కూర్చోబెట్టుకోవడంలో నామోషీ లేదు.

భర్త సహాయం వద్దని నేను అనను. సమావేశానికి బండి మీద దింపడం, కార్యాలయాలకు తోడు రావడం ఆయన చేయవచ్చు. కుర్చీలో కూర్చుని మాట్లాడటం మీరే చేయాలి. మొదటి సమావేశంలో అధికారి ఆయనతో మాట్లాడటం మొదలుపెడితే "సర్, నన్ను అడగండి, నేను చెబుతాను" అని ఆ రోజే అనాలి. ఆ మాట ఆలస్యమైన కొద్దీ అనడం కష్టమవుతుంది.

నిధుల సంగతికి వస్తే, 2021–26 కాలానికి 15వ ఆర్థిక సంఘం ఇచ్చిన గ్రాంట్లలో 60 శాతం మంచినీరు, పారిశుద్ధ్యాలకే ఖర్చు చేయాలన్న షరతు పెట్టారు, మిగిలిన 40 శాతం ఊరి అవసరాన్ని బట్టి వాడుకోవచ్చన్నారు. తరువాతి గ్రాంట్ల షరతులను కూడా మొదటి సమావేశంలోనే కార్యదర్శిని అడిగి రాయించుకోండి. గ్రామసభను పేరుకు జరిపి సంతకాలు తరువాత తెప్పించే పద్ధతి చాలాచోట్ల ఉంది. 2024 ఆగస్టు 23న రాష్ట్రంలోని 13,326 పంచాయతీల్లోనూ ఒకేరోజు గ్రామసభలు పెట్టగలిగారంటే, తలచుకుంటే అది కష్టమైన పని కాదని తెలుస్తుంది. తండా దూరంగా ఉంటే గ్రామసభకు ముందు తండాలోనే ఒక సాయంత్రం కూర్చుని, అడగవలసినది తేల్చుకుని, సభలో దాన్ని తీర్మానంగా రాయించాలి. చర్చ జరిగిందని రాస్తే చాలదు. "ఫలానా తండాలో మంచినీటి పైపులైను పొడిగింపును ఈ ఏడాది ప్రణాళికలో మొదటి పనిగా చేర్చాలని సభ తీర్మానించినది" అని పుస్తకంలో ఉండాలి, దాని కిందే గీత గీసి సంతకాలు మొదలుపెట్టాలి. మధ్యలో ఖాళీ వదిలితే అక్కడ మరొక పని వచ్చి చేరుతుంది. తీర్మానం పేజీని అక్కడికక్కడే ఫోన్‌లో ఫొటో తీసుకోండి.

సర్పంచ్‌ను ప్రజలు నేరుగా ఎన్నుకుంటారు కాబట్టి వార్డు సభ్యులు అవిశ్వాసం పెట్టి దించలేరు. "మా మాట వినకపోతే దించేస్తాం" అన్న బెదిరింపు ఉపసర్పంచ్‌కు వర్తిస్తుంది, మీకు కాదు.

అడ్డుకున్నప్పుడు

ఎస్సీ, ఎస్టీలపై అత్యాచారాల నిరోధక చట్టం 1989 నాటిది. 2016 జనవరి 26 నుంచి అమల్లోకి వచ్చిన సవరణ ఇక్కడ చాలా ముఖ్యం. ఎస్టీ వ్యక్తిని నామినేషన్ వేయకుండా, మరొక ఎస్టీ అభ్యర్థిని ప్రతిపాదించకుండా, ఓటు వేయకుండా బెదిరించడం నేరం. పంచాయతీ సభ్యురాలిగానో సర్పంచ్‌గానో ఉన్న ఎస్టీ మహిళను విధులు చేయకుండా అడ్డుకోవడం, భయపెట్టడం కూడా నేరమే. కార్యాలయానికి తాళం వేయడం, కుర్చీ ఇవ్వకపోవడం, జెండా వందనానికి మీ బదులు మరొకరిని నిలబెట్టడం వంటివి జరిగినప్పుడు తేదీ, సమయం, అక్కడ ఉన్నవారి పేర్లు అదే రోజు నోటుపుస్తకంలో రాసుకోవాలి. ఫిర్యాదులో మీ కులం, మీ పదవి, ఆపిన పని ఏమిటి అన్న మూడూ ఉండాలి. ఇవి లేని ఫిర్యాదు మామూలు తగాదా కేసుగా నమోదవుతుంది. ఈ కేసులను డీఎస్పీ స్థాయి అధికారి దర్యాప్తు చేయాలి. చిన్న మాటపట్టింపులకు ఈ చట్టాన్ని వాడితే నిజంగా అవసరమైనప్పుడు ఊళ్లో సాక్షి దొరకడు; ఎప్పుడు వాడాలో నలుగురితో ఆలోచించి నిర్ణయించుకోవడం మంచిది.

అడవి పక్కన ఉన్నవారికి

నల్లమల చెంచులకు 2006 నాటి అటవీ హక్కుల చట్టం ప్రధానం. 2005 డిసెంబర్ 13 నాటికి సాగులో ఉన్న భూమికి, కుటుంబానికి 4 హెక్టార్ల దాకా, హక్కు కోరవచ్చు. తేనె, చింతపండు వంటి ఫలసాయాన్ని సేకరించి అమ్ముకునే హక్కు కూడా దాని కిందిదే. దరఖాస్తులను పరిశీలించే అటవీ హక్కుల కమిటీలో మూడింట రెండు వంతుల మంది ఎస్టీలు, కనీసం మూడో వంతు మహిళలు ఉండాలి. గూడెం మహిళకు సర్పంచ్ పదవి దొరకకపోయినా ఈ కమిటీలో చోటు దొరుకుతుంది, పైగా దీనికి ఎన్నికల ఖర్చు లేదు. చెంచుల కోసం శ్రీశైలంలో ఐటీడీఏ (సమీకృత గిరిజనాభివృద్ధి సంస్థ) ఉంది. అనంతపురం, కడప వైపు వారికి జిల్లా కేంద్రంలోని గిరిజన సంక్షేమ అధికారి కార్యాలయమే దిక్కు.

పదవీకాలం ముగిసేటప్పుడు

రికార్డులు, డిజిటల్ సంతకం పరికరం అప్పగించినట్టు కార్యదర్శి నుంచి రాతపూర్వకంగా తీసుకోండి. మీ కాలంలో జరిగిన తీర్మానాల ఫొటోలు, బిల్లుల జాబితా మీ దగ్గర ఉంచుకోండి, ఆడిట్ ప్రశ్నలు తరువాత కూడా వస్తాయి. రిజర్వేషన్ మారిపోతే మండల పరిషత్ ప్రాదేశిక సభ్యత్వం గురించి ఆలోచించవచ్చు. అది పార్టీ గుర్తు మీద జరిగే ఎన్నిక, తమ అభ్యర్థి మీరేనని పార్టీ ఇచ్చే బీ-ఫారం కావాలి. టికెట్ అడగడానికి వెళ్లేటప్పుడు అర్జీల రసీదులు, మంజూరైన పనుల పత్రాలు ఒక ఫైలులో పెట్టుకుని, సంఘం మహిళలను వెంటబెట్టుకుని వెళ్లండి.